ఏడవ కవచరాయడు

వైశాఖమాసపు ఎండ మేడిగిరి దుర్గముపై నిప్పులు చెరుగుచుండెను. కొండ చుట్టును మూడు వరుసల ప్రాకారములు, ప్రాకారములపై ఎండకు మాడిన ముఖములతో విలుకాండ్రు, వారి కన్నుల కెదురుగా పెద్దవాగు ఇసుకతిప్పల నుండి చింతలమెట్ట వరకు కంకణపురి ప్రభువైన రణధవళుని గుడారములు పుట్టగొడుగులవలె తెల్లగా పరచుకొని యుండెను. ముట్టడి మొదలై నాలుగు మాసములు గడచెను. కోటలోని గాదెలు అడుగంటెను. రాజబంధువులు మొదలు రాళ్లు మోయు కూలీల వరకు అందరికిని దినమున కొక్కపూట జొన్నగంజియే. గుర్రములకు మేత లేక, ఇండ్లపై కప్పిన బోదగడ్డిని పెరికి వేయుచుండిరి. ఐనను ఉత్తరపు వాకిటి బురుజుపై నిలిచిన ఒక్క మనిషిని చూచినంతనే విలుకాండ్ర వెన్నులు నిటారగుచుండెను. ఆ మనిషి పేరు దాచరాజు. ఇరువదియారేండ్లవాడు. మేడిగిరి నేలు ఎఱ్ఱభూపతికి కవల తమ్ముడు. కవచరాయ బిరుదమును ధరించినవారిలో ఏడవవాడు.

ఆ బిరుదము పుట్టుక చెప్పనిదే దాచరాజు కథ చెప్పుట సాధ్యము కాదు.

మేడిగిరి వంశమునకు మూలపురుషుడైన గన్నభూపతికి కొమరయ యను తమ్ముడుండెను. పెద్దవాగు రేవున జరిగిన తొలి యుద్ధములో అన్న విషజ్వరముతో మంచము పట్టియుండగా, సేన చెదరిపోవునని భయపడి కొమరయ అన్న కవచము తొడిగి, అన్న గొడుగు క్రింద గుర్రమెక్కి, రాజే వచ్చెనని పగవారిని నమ్మించి, గెలుపు చేతికి వచ్చిన గడియలో పదునొకండు బాణములు తిని కూలెను. గన్నభూపతి జ్వరముతోనే లేచి వచ్చి, తమ్ముని తల యొడిలో పెట్టుకొని, "నాకు కవచమైతివి గదరా!" యని యేడ్చెను. ఏడ్పులో వచ్చిన ఆ మాటయే బిరుదమాయెను. పోయిన తమ్ముని తలపుకొరకై ఆ రాజు తన రెండవ కుమారునికి కవచరాయడని పేరు పెట్టి, ఏడు గ్రామములును, సింహాసనమునకు ఎడమప్రక్క పీఠమును, ఉత్తరద్వారపు తాళపుచెవులును ఇచ్చెను.

ప్రేమతో మొదలైనది తరువాతి తరమున ఆచారమాయెను. ఆచారము ముదిరి శాసనమాయెను. రాజునకు పుట్టిన చిన్న కుమారుడు పండ్రెండవ యేట అగ్నిసాక్షిగా, "గద్దె నా అన్నది, దెబ్బ నాది" యని ప్రమాణము చేయవలెను. యుద్ధమున రాజకవచము తొడిగి, తెల్లగొడుగు క్రింద నిలిచి, రాజునకు రావలసిన బాణములను తాను తినవలెను. రెండవ కవచరాయడు ఇరువదిరెండవ యేటనే పోయెను. మూడవవాడు చేయి పోగొట్టుకొని బ్రతికెను గాని, ఆ బ్రతుకును గూర్చి ఎవ్వరును పాట కట్టలేదు. నాల్గవవాని కాలమున యుద్ధములే లేకపోయెను. లేకున్నను గద్దెకు దగ్గరివాడని మంత్రులు శంకించి, వానిని ముప్పదియేండ్లు కావలిలో నుంచిరి. ఐదవవాడును, ఆ తరువాతి తరమున ఆరవవాడును రణభూమినుండి మరలి రాలేదు. వందిమాగధులు సభలో బిరుదమును ఎలుగెత్తి చదువునప్పుడు వీరులకు రోమములు నిక్కబొడుచుకొనెడివి. అంతఃపురమున మాత్రము స్త్రీలు, "పెద్దవానికి గద్దె, చిన్నవానికి గడ్డి" యని గొంతు తగ్గించి యనుకొనెడివారు. గడ్డి యనగా పాడెపై పరచు గడ్డి.

ఆ దినము మిట్టమధ్యాహ్నము దాచరాజు ఆయుధశాలలో ఈటెల మొనలు పరీక్షించుచుండగా ప్రధానమంత్రి గుండనామాత్యుడు వచ్చెను. తండ్రినాటినుండి మంత్రాంగము నడుపుచున్నవాడు. మాట మెత్తన, అడుగు మెత్తన. వాని వెనుక కఱ్ఱ పట్టుకొని ఒక ముసలిది వచ్చెను. రాణివాసమున నలువదియేండ్లు మంత్రసానిగా నుండిన ఈరమ ఆమె. మంత్రి కనుసైగతో అక్కడివారందరును వెలుపలికి పోయిరి.

"కవచరాయా, ఈమె చెప్పునది వినుము. విన్న పిమ్మట నేనొక మాట చెప్పెదను" అని మంత్రి గోడకు చేరబడెను.

ఈరమ దాచరాజు ముఖము చూడలేకపోయెను. నేలచూపులు చూచుచు, "బాబూ, నా యింట పొయ్యి రాజుకొని నాలుగు దినములైనది. ఈయన కుంచెడు కొఱ్ఱలిచ్చి అడిగినాడు. ఆకలి నోరు విప్పించినది, నన్ను తిట్టవద్దు" అని మొదలుపెట్టెను. "మీ అమ్మకు నొప్పులు వచ్చిన నాటి తెల్లవారుజామున మొదట నా చేతిలో పడినది నీవు. బురుజుపైనున్న కావలివాడు ఉలిక్కిపడునట్లు ఏడ్చితివి. నీ మణికట్టుకు ఎఱ్ఱదారము కట్టితిని, పెద్దవాడని గురుతుకు. గడియ తరువాత రెండవవాడు వచ్చెను. మెడకు పేగు చుట్టుకొని, ఒళ్లు నీలమెక్కి, ఎడమకాలు వంకరపోయి యుండెను. మీ అమ్మ అందరిని బయటికి పొమ్మని నన్నొక్కతెనే ఉంచుకొన్నది. ఆ తల్లి తన చేతులతోనే నీ దారము విప్పి వానికి కట్టినది. ఎవరికిని చెప్పనని తన నెత్తిన నా చేయి పెట్టించుకొన్నది."

చేతిలోని ఈటె ఎప్పుడు జారిపడెనో దాచరాజు ఎరుగడు. రాతినేలపై అది మ్రోగిన మ్రోత మాత్రము చాలసేపు వినబడినట్లుండెను.

మంత్రి ముసలిదానిని పంపివైచి దగ్గరకు వచ్చెను. "గద్దె అన్నదని నీవు చేసిన ప్రమాణము తమ్ముడు చేయవలసినది. నీవు తమ్ముడవు కావు. కనుక ఆ ప్రమాణము నిన్ను కట్టదు. ఈ కోట పదిదినములకన్న ఎక్కువ నిలువదు. ఆ సంగతి నాకంటె నీకే బాగుగ తెలియును. రణధవళునితో నేను మాట్లాడితిని. ఉత్తరద్వారము తెరచినచో ఒక్క ప్రాణమునైన తీయక నిన్ను సింహాసనమున కూర్చుండబెట్టును. కప్పము కట్టుకొని సుఖముగ ఏలుకొనుము. నీ వస్తువు నీవు తీసికొనుట ద్రోహము కాదు నాయనా."

దాచరాజు పడిన ఈటెను తీసి గోడకు ఆనించెను. "సాయంకాలము చెప్పెదను" అని మాత్రము పలికెను.

వాడు తిన్నగా ఉత్తరపు బురుజెక్కి, మొలనున్న తాళపుచెవులను చేతిలోనికి తీసికొని కూర్చుండెను. ఆ గడియలో వాని మనస్సులో మెదలినది ధర్మము కాదు, కోపము. పండ్రెండవ యేట అగ్నియెదుట నిలిచి, అర్థము తెలియని మాటలు వల్లించినది గుర్తుకు వచ్చెను. పద్దెనిమిదవ యేట సోమలదేవి యను సామంతుని కూతురిని ప్రేమించినప్పుడు, ఆమె తండ్రి, "కవచరాయనికి పిల్లనిచ్చుటయు చితికి చందనమిచ్చుటయు ఒక్కటే" యని త్రోసిపుచ్చినది గుర్తుకు వచ్చెను. మూడు యుద్ధములలో తన యొంటికి దిగిన ఏడు గాయములును ఇప్పుడే తగిలినట్లు సలుపసాగెను. ఇవన్నియు వేఱొకనివి. వేఱొకని బ్రతుకు నాకు తొడిగినారు, అనుకొనెను. క్రింద తలుపు గడియలు రెండు. పెద్దశ్రమ కాదు. ఒక్క గడియసేపు దాచరాజు తన్ను రాజుగా చూచుకొనెను. ఆ సంగతి దాచిపెట్టుటకు నాకు మనసు రాలేదు. వాడు మనిషి కనుక.

పొద్దు వాలకమునుపే లేచి తల్లి మందిరమునకు పోయెను.

రాజమాత లక్కమాంబ గంజికాచు వంటలక్కల నడుమ కూర్చుండి జొన్నలు చెరుగుచుండెను. కుమారుని ముఖము చూచినంతనే చేట ప్రక్కన పెట్టి, అందరిని పొమ్మనెను.

"ఈరమ చెప్పినదా?" అనెను.

ఆ ప్రశ్నలోనే బదులుండెను. దాచరాజు గుమ్మము దాటలేదు. "ఎందులకమ్మా?"

"కూర్చో నాయనా."

"నిలిచియే వినెదను."

లక్కమాంబ ఒడిలోని జొన్నపొట్టు దులిపివైచెను. "నేను ఈ కోటకు కోడలిగా వచ్చినప్పుడు మీ పినతండ్రి, ఆరవ కవచరాయడు, నా పల్లకి ప్రక్కన గుర్రముపై వచ్చెను. నవ్వుచు, నవ్వించుచు వచ్చెను. మరు సంవత్సరమే వానిని చాపలో చుట్టి తెచ్చిరి. కడుపులో ఇద్దరున్నారని తెలిసిన నాటినుండి నాకు నిద్ర లేదు. ఒకనిని ఈ వంశము తినునని ఎరుగుదును. నీవు పుట్టితివి, బండవలె నుంటివి. వాడు పుట్టెను, ఊపిరి యుండునో పోవునో తెలియదు. చిన్నవాడుగా వానిని పెంచినచో ఆ కవచపు బరువుకే చచ్చిపోవును. నీకిచ్చినచో నీవు మోసెదవు, తిరిగి వచ్చెదవు అనుకొంటిని. ఒకనిని ఇచ్చి ఒకనిని కాచుకొంటినని లోకమనును. కాదురా. ఇద్దరిని దక్కించుకొనవలెనని చేసితిని."

"నన్నడిగితివా అమ్మా?"

"నీవు పుట్టి రెండు గడియలైనను కాలేదు నాయనా."

దాచరాజు గోడవైపు తిరిగెను. తల్లి లేచి వచ్చి వాని వెనుక నిలిచెను. తాకుటకు ధైర్యము చాలలేదు. "సభ పిలిపించుము. అందరి యెదుట నా నోటితో నిజము చెప్పెదను. నీ గద్దె నీకిప్పించెదను. తరువాత నన్నేమి చేసినను సరే" అనెను.

"నిజము చెప్పినచో నేను పెద్దవాడను."

"అవును."

"అప్పుడు తమ్ముడెవ్వడు?"

లక్కమాంబ పైటచెంగు నోటికి అడ్డుపెట్టుకొనెను.

"రేపో మాపో యుద్ధము తప్పదు. ఆ కవచము ఎవనికి తొడిగెదరమ్మా? ఆ కాలితో వాడు గుర్రముపై గడియసేపు నిలువలేడు. నేను గద్దెపై కూర్చుండి, వానిని గొడుగు క్రిందికి పంపవలెనా? శాసనము అదియే గదా!" అని తల్లివైపు తిరిగి, ఆమె కన్నీరు చూచి, మోకాళ్లపై కూలబడెను. కోపమంతయు ఒక్కసారి ఎటుపోయెనో! ఇరువదియారేండ్లు భుజముల కెత్తుకొని తిరిగిన బరువు, తన తల్లి అంతకంటె ముందే ఎత్తుకొన్నదని వానికి తోచెను. "ఒక్క కోరిక తీర్చుము. ఒక్కసారి నన్ను పెద్దవాడా యని పిలువుము. ఎవ్వరును వినరు."

"పెద్దయ్యా" అని లక్కమాంబ వాని తల రొమ్మునకు హత్తుకొనెను. "నా పెద్దయ్యా."

సాయంకాలము దాచరాజు గుండనామాత్యునితో ఇట్లనెను: "సూర్యోదయమున ఉత్తరద్వారము తెరచెదను. ఐతే రణధవళుడు తానే స్వయముగ ముందు నడచి రావలెను. సేవకుని చేతినుండి నేను కిరీటము పుచ్చుకొనను." మంత్రి సంతోషము పట్టలేక తన యుంగరము తీసి వాని వ్రేలికి తొడిగి, శత్రుశిబిరమునకు వార్త పంపెను. ఆ వార్త గోడ దిగినదని తెలిసిన మరుక్షణముననే, వృద్ధ సేనాని బేతినాయుడు నలువురు భటులతో వచ్చి మంత్రిని పట్టి బంధించెను.

బేతినాయునికి దాచరాజు చెప్పినది రెండే మాటలు. "పగవాని మేలిసేన రేపు ఉత్తరపు బాటలో ఇరుకున నుండును. నేను మున్నూరు గుర్రములతో వారిని అక్కడ నిలువబెట్టెదను. నీవు దక్షిణపు దిడ్డివాకిటినుండి దిగి, రాళ్లు రువ్వు యంత్రములను, వారి ధాన్యపు బండ్లను కాల్చుము."

"మున్నూరు చాలవు దొరా" అనెను ముసలి సేనాని.

"గొడుగు చూచినచో అందరును నా వెంటనే పడుదురు. నీకు దారి దొరకును."

బేతినాయుడు ఆరవ కవచరాయని శవమును మోసినవాడు. వంగి దాచరాజు పాదములు ముట్టెను.

సెలవు తీసికొనుటకు దాచరాజు రాజసన్నిధికి పోగా, ఎఱ్ఱభూపతి తానే కవచపు త్రాళ్లు బిగించుకొనుటకు తంటాలు పడుచుండెను. ఎడమకాలి క్రింద పీట వేసికొనియున్నాడు. నుదుట చెమట.

"ప్రభూ, ఇదేమి?"

"సభలో ప్రభువును. ఇక్కడ అన్నను" అని ఎఱ్ఱభూపతి నవ్వెను. "ఈమారు నా కవచము నేనే తొడిగెదను తమ్ముడా. ఎన్ని తరములుగా మన యింట తమ్ముళ్లు చచ్చుచున్నారో లెక్కించితిని. సిగ్గువేసినది. అందరును చచ్చినది వీరత్వము చేత కాదు, అన్నలు ఊరకుండుట చేత. నేనూరకుండను. నీవు కోటలో నుండుము. ఇది అన్న ఆజ్ఞ."

అన్న యను ఆ మాట దాచరాజు గుండెలో ముల్లువలె దిగెను. చెప్పివేయవలెనని నాలుక చివరివరకు వచ్చెను. చెప్పినచో ఈ మనిషి ఆ కవచమును మరి విప్పడు, అది నిశ్చయము. దాచరాజు వంగి, ఒక్కొక్క త్రాడే విప్పి, కవచమును అతని భుజములనుండి దించెను.

"అన్నా, చిన్ననాట చెఱువులో ఈతకు దిగినప్పుడు నీవు మునుగుచుంటివి, జ్ఞాపకమున్నదా? నిన్ను ఒడ్డుకు తెచ్చితినని వారము దినములు నాతో మాటాడకపోతివి."

"నాకు నేనుగా రాగలుగుదుననుకొంటిని. రాలేకపోయెడివాడను" అని ఎఱ్ఱభూపతి తల వంచుకొనెను.

"నీకు ఏలుట వచ్చును, నాకు ఈదుట వచ్చును. అన్న మాట కాదనుట నాకు ఇదియే మొదటిసారి. మన్నింపుము" అని దాచరాజు కవచము భుజాన వేసికొని వెలుపలికి నడచెను. రాజు వెంటబడి రెండు అడుగులు వేసి, కాలు మడతపడి, ద్వారబంధమును పట్టుకొని నిలిచిపోయెను.

సూర్యబింబము చింతలమెట్టపై తలయెత్తుచుండగా మేడిగిరి ఉత్తరద్వారము కిఱ్ఱుమని తెరచుకొనెను. రెండువేల మేలిభటులతో, కనకపు పిడి ఖడ్గము మెరయగా, రణధవళుడు రాతిబాట నెక్కి వచ్చుచుండెను. వానికి ఎదురువచ్చినది తాళపుచెవులు కావు, తెల్లగొడుగు. గొడుగు క్రింద రాజకవచము. దాని వెనుక మున్నూరు గుర్రములు పల్లమునకు ఉరికిన వఱదవలె దిగివచ్చెను. ఇరుకుబాటలో ముందువారు వెనుకకు మరలలేక, వెనుకవారు ముందునకు రాలేక, కంకణపురి సేన తనలో తానే నలిగెను. "రాజే! రాజే వచ్చెను! గొడుగును కూల్చుడు!" అని కేకలు చెలరేగగా, క్రిందనున్న సేనలన్నియు మైదానమును విడిచి ఉత్తరమునకు పరుగెత్తెను. ఆ సందున బేతినాయుడు దక్షిణపు దిడ్డి దిగెను. కొంతసేపటికి యంత్రములనుండి, ధాన్యపు బండ్లనుండి నల్లనిపొగ లేచి ఆకాశమును కప్పెను.

దాచరాజు రణధవళుని మూడవ తాకిడిలో అందుకొనెను. ఈటె వాని కంఠత్రాణము క్రింద దిగెను. ప్రభువు కూలినంతనే కంకణపురివారు చెల్లాచెదరైరి. కాని ఈటె నెత్తినప్పుడు తెరచుకొన్న చంక సందున అప్పటికే రెండు బాణములు దిగియుండెను. ఆ బాణములతోనే దాచరాజు చివరి శత్రువు బాట దిగువరకు గుర్రముపై కూర్చుండెను. పిమ్మట గుర్రము తానుగా మరలి, నెమ్మదిగా కోటవాకిటికి వచ్చి నిలిచెను.

ఎఱ్ఱభూపతి కుంటుచు, పడుచు, లేచుచు మెట్లు దిగివచ్చి, వానిని దింపి యొడిలోనికి తీసికొనెను.

"కోట నిలిచినదా?"

"నిలిచినది తమ్ముడా. నీవు నిలిపితివి. వైద్యుడు వచ్చుచున్నాడు."

దాచరాజు తల అడ్డముగా ఊపెను. శ్వాస చిక్కబట్టుకొని, "అమ్మను... ఏమియు అనకుము. ఆమె మంచే తలచినది" అనెను. మరి మాటలేదు.

ఆ మాటకు అర్థము తెలియక, శవమును మందిరమునకు చేర్చిన పిమ్మట ఎఱ్ఱభూపతి తల్లి నడిగెను: "అమ్మా, నిన్నేమి అనకుమనెను? ఏమి తలచితివి నీవు?" లక్కమాంబ పెద్దకొడుకు ముఖముపైని నెత్తురు తడిగుడ్డతో తుడుచుచు, తల ఎత్తకయే అంతయు చెప్పెను. రాజు వినెను. విని, తల్లి చేతిలోని తడిగుడ్డ తీసికొని, మిగిలిన నెత్తురు తానే తుడిచెను.

సాయంకాలము పెద్దవాగు ఒడ్డున చితి పేర్చిరి. దాచరాజునకు భార్య లేదు, బిడ్డలు లేరు. పెద్దవాడు చిన్నవానికి కొరివి పెట్టరాదని పురోహితులు ఒక జ్ఞాతిని పిలిచి నిలిపిరి. ఆ జ్ఞాతి చేతినుండి ఎఱ్ఱభూపతి కొరివిని తీసికొనెను.

"ప్రభూ, ఇది తగదు. జ్యేష్ఠులు..." అని ముఖ్యపురోహితుడు అడ్డము వచ్చెను.

ఘోషా విడిచి శ్మశానవాటికకు వచ్చి నిలిచిన లక్కమాంబ అప్పుడు నోరు విప్పెను. రెండువేల జనము వినుచుండగా, కంఠమెత్తి, "అడ్డుచెప్పకుడు. చిన్నవాడే పెద్దవానికి పెట్టుచున్నాడు. తారుమారు చేసిన పాపిని నేను" అనెను.

ఎఱ్ఱభూపతి నీటికుండ భుజమున పెట్టుకొని, వంకరకాలు ఈడ్చుకొనుచు చితి చుట్టును మూడుమార్లు తిరిగెను. బేతినాయుడు పట్టుకొనబోగా వలదనెను. మూడవ చుట్టు ముగిసి కుండ వెనుకకు వదలినప్పుడు, "అన్నా!" యని కేక వేసెను. జీవితమున మొదటిసారి పలికిన ఆ మాటకు బదులు రాలేదు. అది విన్న సైనికులు ముసలివారైన పిదపకూడ చెప్పుకొని ఏడ్చెడివారు.

గుండనామాత్యుడు రాతిగనులలో సంకెళ్లతో ఎనిమిదేండ్లు బ్రతికెను. ఈరమ యింటికి రాజు ధాన్యము పంపెను, ఆమె తీసికొనలేదు. లక్కమాంబ ఆ సంవత్సరము దాటలేదు.

ఎఱ్ఱభూపతి ముప్పదియొక్క యేండ్లు ఏలెను. మొదటి కుమారుడు పుట్టిన మూడేండ్లకు రెండవ కుమారుడు పుట్టగా, నామకరణపు దినమున పెద్దలు వెండిపళ్లెరములో కవచరాయ పట్టము తెచ్చి ఆయన ముందు పెట్టిరి. రాజు శిశువును తన చేతులలోనికి తీసికొని చాలసేపు చూచెను. "వీనికి పేరొకటి చాలును. బిరుదమును ఎత్తివైచితిని. ఇకపై మేడిగిరి రాజునకు తగులవలసిన బాణము రాజే తినును" అని చెప్పి, పళ్లెరమును త్రిప్పి పంపెను.

ఉత్తరద్వారపు ప్రక్కన ఆయన నిలిపించిన శిల యొకటి కలదు. దానిపై ఏడుగురు కవచరాయల పేర్లు వరుసగా చెక్కియున్నవి. ఆరుగురి పేర్ల క్రింద వారు కన్నుమూసిన చోటులును, వారి అన్నల పేర్లును కలవు. ఏడవ పేరు క్రింద అన్న పేరు లేదు. ఒక్క పంక్తి మాత్రమున్నది: ఇతడు జ్యేష్ఠుడు.